ఉద్దానం కథకి విదేశీ నిర్మాత కావాలంటే

మీరడిగింది ఇదీ: ఉద్దానంలోని కవిటి వైపు జరిగే సినిమా కథ ఒకటుంది, బడ్జెట్ 2 కోట్లు, ఫ్రాన్స్‌లోనో జర్మనీలోనో భాగస్వామిని పట్టాలి, శ్రీకాకుళంలో ఉండి ఇదే వృత్తిగా బతకొచ్చా అని. బతకొచ్చు. కెమెరా సంగతి తర్వాత. బయటి నిర్మాత ముందుగా అడిగేది కథ హక్కుల కాగితం, మనవైపు పని ఆగేదీ అక్కడే.

వంద రూపాయల స్టాంపు కాగితం మీద "ఈ కథ ఫలానా వారికి ఇచ్చేశాను" అని రాయించుకుంటే చాలదు. 1957 కాపీరైట్ చట్టం 19వ సెక్షన్ చూడండి. గడువు రాయకపోతే హక్కు 5 ఏళ్లే. ప్రాంతం రాయకపోతే ఇండియా వరకే. ఏడాదిలోగా వాడకపోతే, వేరేగా రాసుకోనిదే, అసలుకే రద్దు. అలాంటి కాగితంతో పారిస్‌లో మీరు అమ్మగలిగేది ఏమీ లేదు. కాబట్టి "ప్రపంచమంతటా, కాపీరైట్ ఉన్నన్నాళ్లూ, ఏడాదిలో వాడకపోయినా చెల్లుతుంది" అని మూడు ముక్కలూ ఉండాలి, ఇచ్చిన సొమ్మెంతో కూడా. పాటలవాళ్ల దగ్గరా ఇంతే. కాకపోతే థియేటర్ బయటి వాడకానికి వాళ్లకొచ్చే రాయల్టీని వదులుకున్నట్టు రాయించుకున్నా 2012 సవరణ తర్వాత చెల్లదు.

భాగస్వామి కోసం నవంబరులో గోవాలో కేంద్ర ప్రభుత్వ సినీ సంస్థ ఎన్‌ఎఫ్‌డీసీ నడిపే ఫిల్మ్ బజార్‌కి (ఇప్పుడు పేరు వేవ్స్ ఫిల్మ్ బజార్) వెళ్లండి. అక్కడ భాగస్వామి నిర్మాతల్ని కలిపే కో-ప్రొడక్షన్ మార్కెట్‌లో చోటు కావాలంటే నెలల ముందే దరఖాస్తు పెట్టాలి. ఊరికే కార్డులు పంచి వస్తే రైలు చార్జీలు దండగ. రెండు ప్రభుత్వాల మధ్య ఉన్న ఉమ్మడి నిర్మాణ ఒప్పందం కింద తీస్తే సినిమా రెండు దేశాలదీ అవుతుంది, చిన్న వాటాదారు చాలా ఒప్పందాల్లో కనీసం 20 శాతం పెట్టాలి. ఇక్కడి అనుమతి ప్రభుత్వ వెబ్‌సైట్ ఇండియా సినీ హబ్ ద్వారా షూటింగ్‌కి ముందే తీసుకోవాలి. 2023లో కేంద్రం ప్రకటించిన ప్రోత్సాహకం ఇక్కడి ఖర్చులో 40 శాతం దాకా, గరిష్ఠం 30 కోట్లు. అది ఖర్చయ్యాక తిరిగొచ్చే డబ్బు. దాన్ని నమ్ముకుని వడ్డీకి తెచ్చారంటే లాభం వడ్డీకే పోతుంది.

విదేశీ కంపెనీ మీ సొంత పేరు మీదున్న బ్యానర్‌లో వాటా పెట్టుబడి పెట్టలేదు. ప్రైవేట్ లిమిటెడ్ పెట్టండి. డబ్బొచ్చిన 60 రోజుల్లో షేర్లు ఇవ్వాలి, ఇచ్చిన 30 రోజుల్లో బ్యాంకు ద్వారా రిజర్వ్ బ్యాంకుకి తెలపాలి. ఆడిటర్‌ని డబ్బు రాకముందే కూర్చోబెట్టుకోవాలి.

షూటింగ్‌లో రెండు మూడు చూసుకోండి. టూరిస్టు వీసా మీద వచ్చినవాళ్లు షూటింగ్ చేయకూడదు. విదేశీ కెమెరామన్ డ్రోన్ పట్టుకొస్తానంటే వద్దనండి, 2022 నుంచి డ్రోన్ల దిగుమతి మీద నిషేధముంది, ఇక్కడే అద్దెకి తీసుకోవాలి. శ్రీముఖలింగంలోనో శాలిహుండంలోనో సీనుంటే సర్పంచి ఒప్పుకుంటే సరిపోదు, పురావస్తు శాఖ అనుమతి కావాలి.

అన్నిటికంటే ఎక్కువ కొంప ముంచేది శబ్దం. టీ కొట్టు సీను లైవ్ సౌండ్‌తో తీశారనుకోండి. వెనక గుడి మైకులోనో ఎవరి ఫోన్లోనో సినిమా పాట మోగింది. ఆ పాటకి లైసెన్సు లేనిదే యూరప్‌లో సినిమా అమ్మలేరు, మాటల్నీ పాటనీ విడదీయడం దాదాపు కాని పని. సీను మొదలయ్యే ముందు ఒక మనిషిని మైకు దగ్గర, ఒకర్ని కొట్టు దగ్గర నిలబెట్టండి. మాటలు లేకుండా సంగీతం, చప్పుళ్లు మాత్రమే ఉన్న ట్రాక్ కొనేవాళ్లకి వేరుగా ఇవ్వాలి, మిక్సింగ్ స్టూడియోతో ముందే మాట్లాడుకోండి. తర్వాత చేయిస్తే మళ్లీ మిక్సింగ్ డబ్బులే.

సబ్‌టైటిల్స్ మన యాస తెలిసినవాళ్ల చేతే రాయించండి. "మా గుంట ఇంకా రాలేదు" అన్న మాటలో గుంట అంటే మన దగ్గర పిల్ల, తెలియనివాళ్లు గొయ్యి అని రాసేస్తారు.

సినిమాని బయటి దేశాల్లో అమ్మిపెట్టే సేల్స్ ఏజెంట్ కమిషన్ మామూలుగా 20 నుంచి 30 శాతం. పైన వాళ్ల ప్రచార ఖర్చులు కోసుకుంటారు, ఆ ఖర్చుకి గరిష్ఠ మొత్తం రాయించకపోతే మీ దాకా ఏమీ రాదు.

మొదటి సినిమాకి మీ ఫీజు చివరి వరసలోనే పడుతుంది. ఈలోగా ఇల్లు గడవడానికి భావనపాడు రేవు, తేలినీలాపురం పక్షులు, విజయనగరం సిరిమాను లాంటివి తీయడానికొచ్చే డాక్యుమెంటరీ బృందాలకి లైన్ ప్రొడక్షన్, అంటే ఇక్కడి ఏర్పాట్లన్నీ చూసిపెట్టే పని, చేయండి. అడ్వాన్సు చేతికందాకే బండ్లు, గదులు బుక్ చేయండి.