వాట్సాప్‌లో ద్వేషపు మెసేజ్ ఫార్వర్డ్ చేసినా కేసు అవుతుందా?

అవ్వొచ్చు. "నేను రాయలేదు, పంపానంతే" అన్నది గట్టి సాకు కాదు.

నిజానికి మన చట్టంలో "ద్వేష ప్రసంగం" అనే మాటకు విడిగా నిర్వచనమే లేదు. వేర్వేరు సెక్షన్ల కింద చూస్తారు. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలో ముఖ్యమైనది 196 (పాత ఐపీసీ 153ఏ). మతం, కులం, భాష, పుట్టిన ఊరు లాంటివి చెప్పి వర్గాల మధ్య పగ రేపితే మూడేళ్ల దాకా జైలు. ఆన్‌లైన్‌లో పెట్టినా వర్తిస్తుందని అందులోనే ఉంది. మత విశ్వాసాలను కావాలని కించపరిస్తే 299.

ఇక్కడ ఉద్దేశమే కీలకం. హైదరాబాద్‌లో గణేశ్ నిమజ్జనం రోజు ఎక్కడిదో పాత వీడియోకి "మన పాతబస్తీలో ఇప్పుడే" అని తగిలించి, "వీళ్లని వదలొద్దు" అని పంపడం వేరు. ట్రాఫిక్ జామ్ మీద విసుక్కోవడం వేరు. ఒక పార్టీని, ప్రభుత్వాన్ని తిట్టడం ద్వేష ప్రసంగం కాదు. ఆన్‌లైన్‌లో అభ్యంతరకరమైన మెసేజ్ పంపితే జైలు అని చెప్పిన, చాలామంది ఇంకా భయపడే ఐటీ చట్టం సెక్షన్ 66ఏని సుప్రీంకోర్టు 2015లోనే కొట్టేసింది.

ఫిర్యాదు లేకున్నా పోలీసులు తామే కేసు పెట్టాలని 2023 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు అన్ని రాష్ట్రాలకూ చెప్పింది. ఆచరణలో అది జరిగేది తక్కువే అని నా అభిప్రాయం.

అలాంటి మెసేజ్ మీకొస్తే తేదీ, నంబరు కనిపించేలా స్క్రీన్‌షాట్ తీసి, దగ్గరి పోలీస్ స్టేషన్‌లోగానీ జాతీయ సైబర్ క్రైమ్ పోర్టల్‌లోగానీ ఫిర్యాదు చేయండి. "చూడండి ఎంత ఘోరమో" అంటూ ఇంకో గ్రూపులో మాత్రం పెట్టకండి.