ఇంక్‌స్కేప్‌లో గీసిన లోగోను ఫ్లెక్సీకి, ఆహ్వాన పత్రికకు, వాట్సాప్‌కు ఏ ఫార్మాట్‌లో ఇవ్వాలి?

ఇంక్‌స్కేప్ అనే డ్రాయింగ్ సాఫ్ట్‌వేర్‌లో గీసిన మీ యువజన సంఘం లోగోను జేపీజీగా మార్చి ఫ్లెక్సీ షాపులో ఇస్తే అంచులు మసకబారాయని, లోగో చుట్టూ తెల్లటి డబ్బా వచ్చిందని రాశారు. హనుమకొండలో చాలాకాలంగా డీటీపీ, పెళ్లిపత్రికల పని చేస్తున్నాను. నేను చూసినంతవరకు ఇలాంటి ఇబ్బందులకు గీసిన బొమ్మ కారణం కాదు, దానిని మార్చి ఇచ్చిన ఫార్మాట్ కారణం.

ఇంక్‌స్కేప్ సేవ్ చేసే ఎస్‌వీజీ ఫైలులో ఉండేవి గీతలు, వంపుల లెక్కలు గనుక దానిని విజిటింగ్ కార్డంత చేసినా, చౌరస్తాలో కట్టే బ్యానరంత చేసినా అంచు చెదరదు. జేపీజీగానో పీఎన్‌జీగానో మార్చగానే ఆ లెక్కలు పోయి కొన్ని పిక్సెళ్లు (చిన్న రంగు చుక్కలు) మాత్రమే మిగులుతాయి. ఇంక్‌స్కేప్ మనం మార్చకపోతే 96 డీపీఐతోనే, అంటే అంగుళానికి 96 పిక్సెళ్లతోనే ఎక్స్‌పోర్ట్ చేస్తుంది. అప్పుడు 3 అంగుళాల లోగోకు 288 పిక్సెళ్ల వెడల్పే వస్తుంది. దానిని 8 అడుగులకు సాగదీస్తే అంగుళానికి 3 పిక్సెళ్లే దక్కుతాయి. ఇక తెల్ల డబ్బా సంగతి: జేపీజీలో పారదర్శకత ఉండదు గనుక ఖాళీ చోటు తెల్లగా నిండుతుంది, పీఎన్‌జీలో ఉంటుంది. వాట్సాప్‌కు పీఎన్‌జీ చాలు, అయితే ఫోటోగా కాక డాక్యుమెంటుగా పంపండి, లేకపోతే అది మళ్లీ కుదించుకుపోతుంది.

ప్రింటుకు మాత్రం పీడీఎఫ్ ఇవ్వండి, ఎందుకంటే అందులో వెక్టర్ (గీతల లెక్కలతో ఉన్న బొమ్మ) వెక్టర్‌గానే ఉంటుంది. మన దగ్గర చాలా షాపుల్లో కోరెల్‌డ్రా అనే డిజైన్ సాఫ్ట్‌వేర్ వాడతారు. ఇంక్‌స్కేప్ దాని సొంత ఫార్మాట్ అయిన సీడీఆర్ ఫైళ్లను తెరవగలదు గానీ ఆ ఫార్మాట్‌లో సేవ్ చేయలేదు కాబట్టి, వాళ్లు సీడీఆరే కావాలన్నా పీడీఎఫ్ ఇచ్చి ఇంపోర్ట్ చేసుకోమనండి. పాతకాలపు ప్రింటు ఫార్మాట్ ఈపీఎస్‌లో పారదర్శకత నిలవదు, నేను దాని జోలికి పోను. షాపువారు పిక్సెళ్ల బొమ్మే కావాలని పట్టుబడితే, దూరం నుంచి చూసే 8×4 అడుగుల ఫ్లెక్సీకి 72 డీపీఐ చొప్పున 6912×3456 పిక్సెళ్ల పీఎన్‌జీ సరిపోతుంది. చేతిలో పట్టుకుని చదివే పత్రికకైతే 300 డీపీఐ ఉండాలి.

తెలుగువాళ్లకు అసలు చిక్కు అక్షరాలతో వస్తుంది. మీరు వాడిన ఫాంటు షాపు కంప్యూటరులో లేకపోతే వేరే ఫాంటు వచ్చి కూర్చుంటుంది, వత్తులు విడిపోతాయి. తెలుగు అక్షరాలకు సొంత కోడు వాడే అను ఫాంట్లతో చేసిన పనైతే తెలుగుకు బదులు పిచ్చి గుర్తులు కనిపిస్తాయి. అందుకే పీడీఎఫ్‌గా సేవ్ చేసేటప్పుడు వచ్చే పెట్టెలో 'కన్వర్ట్ టెక్స్ట్ టు పాత్స్' ఎంచుకోండి. అక్షరాలు గీతలుగా మారిపోతాయి, మీ ఎస్‌వీజీలో మాత్రం అక్షరాలుగానే ఉంటాయి. కోరెల్‌డ్రాలో ఇదే పనికి 'కన్వర్ట్ టు కర్వ్స్' ఉంది, కానీ అది తెరిచి ఉన్న ఫైలునే మార్చేస్తుంది గనుక ముందు మరో పేరుతో కాపీ చేసుకోవాలి. ప్రింటుకు వెళ్లే సమయానికి ఇంటిపేరులో దీర్ఘం తప్పిందని ఫోన్ రాని పెళ్లిపత్రికను నేనింకా చూడలేదు. గీతలుగా మారిన పేరును దిద్దడం కంటే మళ్లీ టైపు చేయడమే సులువు.

రంగుల విషయంలోనూ జాగ్రత్త అవసరం: తెరపై మెరిసే ఆకుపచ్చ, నీలం ఆఫ్‌సెట్ ప్రింటులో కొంత డల్‌గా వస్తాయి, కాబట్టి ముందు ఒక నమూనా తీయించుకోండి.

పాత లోగో జేపీజీగా మాత్రమే ఉందని కూడా అన్నారు. 'ట్రేస్ బిట్‌మ్యాప్' దానిని వెక్టర్‌గా మారుస్తుంది గానీ, మసకబారిన బొమ్మలోని వంకరలన్నిటినీ గీతలుగా పట్టుకొస్తుంది. దానిని అడుగు పొరలో పెట్టి పైన మళ్లీ గీయండి, అక్షరాలు కొత్తగా టైపు చేయండి.