మేసియో పార్కర్: పిలిస్తే పలికిన శాక్సఫోన్

ప్రశ్న: శాక్సఫోన్ అనగానే నాకు కద్రి గోపాల్‌నాథ్ గారి కచేరీలే గుర్తుకొస్తాయి. ఈమధ్య అమెరికా గాయకుడు జేమ్స్ బ్రౌన్ పాడిన ‘కోల్డ్ స్వెట్’ వింటుంటే, మధ్యలో ఆయన ‘మేసియో’ అని ఎవరినో పిలవడం, వెంటనే శాక్సఫోన్ అందుకోవడం వినిపించింది. ఎవరీ మేసియో? ఆయన వాయించేది ఫంకా, జాజా?
– ఒక పాఠకుడు, రాజమహేంద్రవరం

జవాబు: ఆ పిలుపు మేసియో పార్కర్ కోసం. 1943 ఫిబ్రవరి 14న అమెరికాలోని నార్త్ కరోలినా రాష్ట్రంలో, కిన్‌స్టన్ అనే ఊళ్లో పుట్టిన ఆయనకు సంగీతం ఇంట్లోనే అబ్బింది. సోదరుల్లో కెల్లిస్ ట్రాంబోన్, మెల్విన్ డ్రమ్స్ వాయించేవారు. 1964లో జేమ్స్ బ్రౌన్ కోరుకున్నది నిజానికి మెల్విన్‌నే. మెల్విన్ మేసియోను కూడా వెంటబెట్టుకుని వెళ్లడంతో, బారిటోన్ (మంద్రంగా పలికే పెద్ద) శాక్సఫోన్ వాయించడానికి ఆయన్నూ బృందంలోకి తీసుకున్నారు. కొద్దికాలానికే బ్రౌన్ పాట మధ్యలో మేసియోను పేరు పెట్టి పిలిచి మరీ సోలో వాయింపించుకునే స్థితి వచ్చింది.

‘కోల్డ్ స్వెట్’ 1967 నాటిది. బ్రౌన్ బృందంలోని శాక్సఫోన్ విద్వాంసుడు పీ వీ ఎల్లిస్, బ్రౌన్ కలిసి కూర్చిన ఆ పాటను ఫంక్ (లయకు పెద్దపీట వేసే నృత్య సంగీతం) సంగీతపు తొలి నమూనాల్లో ఒకటిగా లెక్కిస్తారు. ఈసారి దాన్ని తాళం వేస్తూ వినండి. నాలుగు దెబ్బల ఆవర్తంలో మొదటి దెబ్బ మీద బరువు పడుతుంది, మన సమం మీద పడినట్టే. మిగిలిన ఖాళీల్లో బాస్, గిటార్, ఊదే వాద్యాలు తలా ఒక చిన్న ముక్క పలికి తప్పుకుంటాయి. పాటలో చాలాసేపు కార్డ్ (కలిపి పలికే స్వరాల గుచ్ఛం) మారదు కనుక, సోలో వాయించేవారికి లయ ఒక్కటే దిక్కు. అటువంటి చోట మేసియో టెనర్ (మధ్యస్థాయి) శాక్సఫోన్‌తో ప్రవేశించి, పొడవాటి స్వరవాక్యాలు అల్లే ప్రయత్నమేదీ చేయకుండా, పొట్టి పొట్టి పలుకులను తెంచి తెంచి, క్లైడ్ స్టబుల్‌ఫీల్డ్ డ్రమ్స్ దెబ్బలకు బదులు చెబుతున్నట్టు వాయిస్తారు. గోపాల్‌నాథ్ గారు గమకాలు పలకడం కోసం ఇదే వాద్యానికి మార్పులు చేయించుకుని, ఒక స్వరంలో నుంచి మరో స్వరంలోకి జారే మార్గాన్ని సాధించారు. మేసియో శ్రద్ధంతా స్వరాన్ని ఎక్కడ ఆపాలన్న దాని మీద ఉంటుంది. శాక్సఫోన్‌ను తాళవాద్యంలా పలికించడమే ఆయన ఘనత అని నా దృఢమైన అభిప్రాయం.

ఇక ఫంకా, జాజా అంటే, తమ సంగీతంలో 2 శాతం జాజ్, 98 శాతం ఫంక్ అని ఆయనే వేదికల మీద చెబుతుంటారు. 2013లో వచ్చిన ఆత్మకథకూ ఆ 98 శాతాన్నే పేరుగా పెట్టుకున్నారు. అయితే అమెరికా గాయకుడు, పియానో వాద్యకారుడు రే చార్లెస్‌ను గుండెల్లో పెట్టుకుని పెరిగిన ఆ మనిషి నెమ్మదైన పాటలు వాయించేటప్పుడు వింటే, ఆ 2 శాతం చాలా తక్కువ లెక్క అనిపిస్తుంది.

ప్రశ్న: జీవితంలో ఎక్కువ కాలం ఇతరుల బృందాల్లో వాయించిన మేసియో పార్కర్‌ను బ్యాండ్ లీడర్ అనవచ్చునా?
– ఒక పాఠకురాలు, హనుమకొండ

జవాబు: నిస్సందేహంగా అనవచ్చు, కాకపోతే ఆ స్థానం ఆయనకు ఆలస్యంగా దక్కింది. బ్రౌన్ బృందంలో క్రమశిక్షణ అతి కఠినం. ఆలస్యంగా వచ్చినా, బూట్లు మెరవకపోయినా, స్వరం తప్పినా జరిమానా పడేది. 1970లో మేసియో, మరికొందరు సహవాద్యకారులు బయటికి వచ్చి ‘మేసియో అండ్ ఆల్ ది కింగ్స్ మెన్’ పేరుతో సొంత బృందం కట్టారు గానీ, ఆ రికార్డులు అమ్ముడుపోలేదు. 1973లో మళ్లీ బ్రౌన్ దగ్గరికే వెళ్లారు. 1975 నుంచి ట్రాంబోన్ విద్వాంసుడు ఫ్రెడ్ వెస్లీతో పాటు ఫంక్ గాయకుడు జార్జ్ క్లింటన్ నడిపిన ‘పార్లమెంట్’ అనే సంగీత బృందంలో వాయించారు, 1984లో మరోసారి బ్రౌన్‌తో కలిశారు.

1990లో, 47 ఏళ్ల వయసులో, ‘రూట్స్ రివిజిటెడ్’ ఆల్బమ్‌తో పరిస్థితి మారింది. అది బిల్‌బోర్డ్ సమకాలీన జాజ్ పట్టికలో మొదటి స్థానానికి చేరింది. అందులో ఆయనకు తోడు నిలిచినవారు బ్రౌన్ కొలువులో పక్కపక్కన నిలబడి వాయించిన వెస్లీ, ఎల్లిస్‌లే. నాయకుడిగా ఆయన తీరు తెలియాలంటే మాత్రం 1992లో జర్మనీలోని కొలోన్ నగరంలో రికార్డు చేసిన ‘లైఫ్ ఆన్ ప్లానెట్ గ్రూవ్’ వినాలి. మొదటి పాట ‘షేక్ ఎవ్రీథింగ్ యూవ్ గాట్’ దాదాపు 16 నిమిషాలు సాగుతుంది. హామండ్ ఆర్గాన్ (విద్యుత్ కీబోర్డ్ వాద్యం), గిటార్, డ్రమ్స్ ఒకే లయను విడవకుండా పట్టుకుని ఉంటే, ఆయన దాని మీద ఆల్టో (టెనర్ కంటే హెచ్చు స్థాయిలో పలికే) శాక్సఫోన్‌తో వస్తూ పోతూ, జనాన్ని పలకరిస్తూ, పాటను కొత్తగా ఎత్తుకుంటూ ఉంటారు. అంత సేపూ లయ ఒక్క వెంట్రుకవాసి కూడా సడలదు. బ్రౌన్ దగ్గర నేర్చిన బిగువు అది. జరిమానాల భయం మాత్రం ఇందులో ఎక్కడా వినిపించదు.

ఆ తర్వాత అమెరికా పాప్ గాయకుడు ప్రిన్స్ కచేరీ బృందంలోనూ వాయించారు కాబట్టి, లీడర్ అయ్యాక పక్కవాద్యం మానేశారనుకోనక్కరలేదు. మీరు ఆర్కెస్ట్రా ఇష్టపడేవారైతే, జర్మనీ రేడియోకు చెందిన పెద్ద జాజ్ వాద్యబృందం, అంటే బిగ్ బ్యాండ్‌తో కలిసి చేసిన ‘రూట్స్ అండ్ గ్రూవ్స్’ దొరుకుతుందేమో చూడండి. అందులో రే చార్లెస్ పాటలను శాక్సఫోన్ మీద వాయించడమే కాక, స్వయంగా పాడారు కూడా.