భర్త సంతకం లేనిదే పాస్‌పోర్టు రాదా?

ప్రశ్న: విడాకుల కేసు నడుస్తోంది. పాస్‌పోర్టుకు వెళితే భర్త సంతకం తెమ్మన్నారు. ఆయన పెట్టరు. నాకిక దారి లేదా మేడమ్?

జవాబు: ఉందమ్మా, టెన్షన్ పడకండి. 2025లో మద్రాసు హైకోర్టు ముందుకు ఇలాంటి కేసే వచ్చింది. భార్య పాస్‌పోర్టుకు భర్త అనుమతి గానీ సంతకం గానీ అక్కర్లేదని, అలా అడగడం పెళ్లయిన స్త్రీని భర్త సొత్తుగా చూడడమేనని కోర్టు తప్పుపట్టింది. ఆ తీర్పు చదివి నాకెంత ధైర్యం వచ్చిందో! మన హైకోర్టు దాన్ని పాటించి తీరాలనేం లేదు, కానీ మీకు గట్టి ఆసరా.

ముందు ఒక పని చేయండి. సంతకం కావాలన్న మాటను రాతపూర్వకంగా ఇమ్మనండి. నా దగ్గరికొచ్చే చాలామంది కౌంటర్లో విన్న మాట పట్టుకుని వస్తారు, దాన్ని కోర్టులో నిరూపించడం కష్టం. పాస్‌పోర్టు నిరాకరిస్తే 1967 పాస్‌పోర్టుల చట్టం 5(3) సెక్షన్ ప్రకారం కారణాలు రాయాలి, మీరడిగితే మామూలుగా కాపీ ఇవ్వాలి. దానిపై 11వ సెక్షన్ కింద అప్పీలు చేయొచ్చు. ఏ జవాబూ ఇవ్వకుండా ఫైలు ఆపేస్తే రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ (అధికారులకు ఆదేశం ఇమ్మని కోరే పిటిషన్) వేయండి. విడాకుల కేసు సంగతి మాత్రం అందులో దాచొద్దు.