పికిల్ ఫ్రైకి పిండి పట్టాలంటే ముందు తడి సంగతి చూడండి

ప్రశ్న: అక్కా, మేం డాలస్‌లో ఉంటాం. రెస్టారెంట్‌కి వెళ్తే మా పిల్లలు మెనూ కూడా చూడకుండా ఫ్రైడ్ పికిల్స్ చెప్పేస్తారు. ఇంట్లో చేద్దామని డిల్ పికిల్ (ఉప్పు, వెనిగర్ నీళ్ళలో ఊరేసిన కీరా దోసకాయ) సీసా తెచ్చి, పిండి కలిపి, నూనెలో వేస్తే పిండి ఒకపక్క ముక్క ఒకపక్క అయిపోతున్నాయి, కొన్నయితే నూనెలోనే చొక్కా విప్పేసినట్టు బోడిగా తేలుతున్నాయి. పిండి చిక్కగా కలిపి చూశా, పల్చగా కలిపి చూశా, రెండూ అంతే. ఎక్కడ తేడా కొడుతోంది?
- ఒక పాఠకురాలు, డాలస్

జవాబు: తేడా పిండిలో లేదమ్మా, ముక్క మీద ఉన్న నీళ్ళలో ఉంది. మనం బజ్జీ వేసే అరటికాయైనా వంకాయైనా పైన పొడిగానే ఉంటుంది కదా, ఈ పికిల్ ముక్క అలా కాదు, వారాల తరబడి ఉప్పు వెనిగర్ నీళ్ళలో నాని ఉంటుంది కాబట్టి లోపలా పైనా అంతా తడే. ఆ తడి మీద పిండి వేస్తే పిండి ముక్కని పట్టుకోదు, నీళ్ళ పొరని పట్టుకుంటుంది. వేడి నూనెలో పడగానే ఆ నీళ్ళు ఆవిరై బయటికి తోసుకొస్తాయి, పైనున్న పిండి బుడగలా లేచి ఊడిపోతుంది. మీరు పిండి ఎంత మార్చినా ఫలితం మారకపోవడానికి కారణం ఇదే.

అందుకని పని ముక్కల దగ్గర మొదలుపెట్టండి. సీసాలోంచి తీసి జల్లెడలో వంపేసి, శుభ్రమైన నూలు గుడ్డ మీద ఒక్క వరసలో పరిచి, పైన ఇంకో గుడ్డ కప్పి చేత్తో అద్ది, ఓ అరగంట అలా వదిలేయండి, మధ్యలో ఒకసారి తిప్పండి. పేపర్ టవల్ అయినా పర్లేదు గానీ బోలెడు అయిపోతాయి. ముక్క మందం కూడా ముఖ్యమే, నాలుగైదు మిల్లీమీటర్లు ఉంటే చాలు, చక్రాల్లా కోసినవి మేలు. నిలువుగా చీల్చిన పొడుగు ముక్కలు చూడ్డానికి బాగుంటాయి గానీ లోపల నీళ్ళెక్కువ, పైన వేగేసరికి లోపల ఉడికిపోయి మెత్తగా అయిపోతాయి, కొరికితే వేడి ఉప్పునీళ్ళు నోట్లోకి చిమ్ముతాయి కూడా.

ఆరిన ముక్కల్ని వెంటనే పిండిలో ముంచొద్దు, ముందు పొడి మైదాలో దొర్లించి గట్టిగా దులపండి. మిగిలిన కాస్త చెమ్మని ఆ పొడిపిండి పీల్చుకుని జిగురుగా మారుతుంది, తర్వాత వేసే పిండి దానికి అతుక్కుంటుంది. చాలామంది వదిలేసేది ఈ అంచెనే.

ఇక పిండి. ముప్పావు కప్పు మైదా, పావు కప్పు కార్న్‌ఫ్లోర్ (మీరున్నచోట కార్న్‌స్టార్చ్ అని అడగండి, అక్కడ కార్న్‌ఫ్లోర్ అని రాసింది తెస్తే మొక్కజొన్న పిండి వస్తుంది), అర టీస్పూన్ బేకింగ్ పౌడర్, అర టీస్పూన్ కారం, అంతే మిరియాల పొడి, అంతే వెల్లుల్లి పొడి. ఉప్పు వద్దు, చిటికెడు కూడా వద్దు, ముక్కలోనే కావల్సినంత ఉంది. దీన్లోకి ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసిన ప్లెయిన్ సోడా ముప్పావు కప్పుతో మొదలుపెట్టి చూస్కుంటూ పోయండి, మన బజ్జీ పిండి కంటే పల్చగా, గరిటె వెనక పల్చటి పొరలా నిలవాలి. అమెరికాలో దీనికి బీరు పోస్తారు, బుడగల కోసమే, ఆ పని సోడా చేసేస్తుంది. నూనె పొయ్యి మీద వేడెక్కాకే పిండి కలపండి, ఎందుకంటే ముందే కలిపి పెడితే బుడగలు పోతాయి, ఎక్కువ తిప్పితే మైదా సాగి పొర గట్టిపడుతుంది, ఒకటీ అరా ఉండలున్నా ఏం కాదు.

నూనె 185 నుంచి 190 డిగ్రీల సెల్సియస్, మీ థర్మామీటర్‌లో అయితే 365 నుంచి 375 ఫారన్‌హీట్. థర్మామీటర్ లేకపోతే పిండి చుక్క వేసి చూడండి, సగం దాకా మునిగి వెంటనే పైకి రావాలి, అడుగునే కూర్చుంటే ఇంకా కాగాలి, వేయగానే నల్లబడితే మంట తగ్గించాలి. ఒక్కో వాయికి ఏడెనిమిది ముక్కలకి మించి వేయొద్దు, వేస్తే నూనె చల్లారిపోతుంది. రెండు మూడు నిమిషాల్లో బంగారు రంగు వచ్చేస్తుంది, బుడగల చప్పుడు తగ్గిందంటే పొరలో తడి పోయిందని గుర్తు, అప్పుడు తీసేయండి. తీశాక గిన్నెలో కుప్పగా పోయకుండా ఇనప జాలీ మీద విడివిడిగా పెట్టండి, ఎందుకంటే వేగేటప్పుడు ఆవిరి బయటికి తోస్తూ ఉంటుంది కాబట్టి నూనె లోపలికి అంతగా వెళ్ళదు, బయటికి తీసి చల్లారేటప్పుడే పైనున్న నూనెని పొర లోపలికి లాక్కుంటుంది. అందుకే తీసిన వెంటనే బాగా వార్చాలి.

మీరు టెక్సాస్‌లో ఉన్నారు కాబట్టి ఇంకో మాట. ఈ వంటకం పుట్టిల్లు మీకు మరీ దూరమేం కాదు, పక్క రాష్ట్రం ఆర్కన్సాలో ఆట్కిన్స్ అని చిన్న ఊరుంది, అక్కడ పికిల్ ఫ్యాక్టరీ ఉండేది, దానికి దగ్గర్లోనే డచెస్ డ్రైవ్-ఇన్ అని ఓ హోటల్ నడిపిన బెర్నెల్ ఆస్టిన్ అనే ఆయన 1963లో వీటిని అమ్మడం మొదలుపెట్టాడు, అందరూ ఫ్యాట్‌మ్యాన్ అనేవారట ఆయన్ని. మిసిసిప్పిలో హాలీవుడ్ కెఫే వాళ్ళు కూడా ఇది మా దగ్గరే పుట్టిందంటారు, ఆ గొడవ మనకెందుకు గానీ ఆట్కిన్స్‌లో ఇప్పటికీ వేసవి మొదట్లో పికిల్‌ఫెస్ట్ అని సంబరం చేస్తారు, పిల్లల్ని ఓసారి తీసుకెళ్ళొచ్చు.

ప్రశ్న: మేడం, నేను యూఎస్‌లో చదువుకునేటప్పుడు తిన్నాను, హైదరాబాద్ వచ్చాక చేద్దామంటే ఇక్కడ సూపర్ మార్కెట్లో గెర్కిన్స్ (బుల్లి కీరా దోసకాయలు) అని సీసాలు కనిపిస్తున్నాయి గానీ డిల్ పికిల్స్ దొరకట్లేదు. అవి పనికొస్తాయా?
- ఒక పాఠకుడు, కొండాపూర్

జవాబు: పనికొస్తాయి, కాకపోతే సీసా వెనక్కి తిప్పి చదవండి. పదార్థాల్లో చక్కెర ముందువరసలో ఉంటే ఆ సీసా అక్కడే పెట్టేయండి, తియ్య గెర్కిన్ బర్గర్‌లోకి బాగుంటుందేమో గానీ వేపితే చక్కెర త్వరగా మాడుతుంది, రుచి కూడా అటూ ఇటూ కాకుండా పోతుంది. నీళ్ళు, వెనిగర్, ఉప్పు, మసాలా దినుసులు మాత్రమే ఉన్నది తీసుకోండి.

నన్నడిగితే ఇంట్లోనే వేసుకోండి, అంత పెద్ద పనేం కాదు. లేత కీరా, వేలెడంత సన్నవి దొరికితే మరీ మంచిది, పూత వైపు కొస తప్పనిసరిగా కోసి పారేయండి, ఆ కొసలో ఉండే ఎంజైములు కాయని మెత్తబరుస్తాయి. ఒక కప్పు నీళ్ళు, ఒక కప్పు తెల్ల వెనిగర్, ఒక టేబుల్ స్పూన్ ఉప్పు మరిగించి చల్లార్చి, చక్రాలుగా కోసిన కీరా మీద పోసి, నాలుగు వెల్లుల్లి రెబ్బలు, కాసిని ఆవాలు, మిరియాలు, ఓ గుప్పెడు సోయికూర వేసి ఫ్రిజ్‌లో పెట్టేస్తే మూడో రోజుకి తయారు. డిల్ డిల్ అని అమెరికావాళ్ళు అంటున్నది మన తెలంగాణ ఇళ్ళలో పప్పులో వేసే సోయికూరే, రైతుబజార్లో కట్టలు కట్టలు దొరుకుతుంది, దానికోసం ఇంపోర్టెడ్ సీసా వెతకక్కర్లేదు. ఇది నిలవ పచ్చడి కాదు, ఫ్రిజ్‌లోనే ఉంచి రెండు వారాల్లో వాడేయండి.

ప్రశ్న: మైదా మాకు పడదండి. శనగపిండితో మామూలు బజ్జీలాగా వేసేస్తే పోలా? సోడా వేస్తే ఇంకా పొంగుతుంది కదా.
- ఒక గృహిణి, నెల్లూరు

జవాబు: వేయొచ్చు, కానీ అది పికిల్ బజ్జీ అవుతుంది, తప్పేం లేదు, వానాకాలం సాయంత్రం బాగానే ఉంటుంది. శనగపిండికి సొంత రుచి ఎక్కువ, పొర మందం, లోపలున్న పులుపుని మింగేస్తుంది. కరకర కావాలంటే శనగపిండి సగం, బియ్యప్పిండి సగం పెట్టండి, బియ్యప్పిండి తగిలితే పొర పల్చగా, పెళుసుగా వస్తుంది. మైదా మానేసినవాళ్ళు బియ్యప్పిండి మూడొంతులు, కార్న్‌ఫ్లోర్ ఒక వంతు పెట్టుకున్నా చాలు, పొడిపిండి దొర్లించడానికి కూడా బియ్యప్పిండే వాడండి.

వంటసోడా మాత్రం ఇక్కడ వద్దు. ముక్క నిండా వెనిగర్ ఉంది, సోడాకి వెనిగర్ తగిలిందంటే అక్కడికక్కడే నురగలు, అదీ సరిగ్గా పిండికీ ముక్కకీ మధ్యలో, మళ్ళీ పొర ఊడే కథే. పైగా సోడా ఎక్కువైతే నూనె పీలుస్తుంది, రంగు తొందరగా తిరిగిపోయి వేగిందనుకుని ముందే తీసేస్తాం. పిండి కలిపే చల్లటి సోడానీళ్ళు వేరు, వంటసోడా వేరు, ఆ రెండూ కలగలిపి అర్థం చేస్కోకండి.

ప్రశ్న: మా తాతగారి ఊరు కుప్పం వైపు, అక్కడ మావాళ్ళు కొందరు గెర్కిన్స్ పండించి కంపెనీకి ఇస్తారు. కంపెనీ వద్దన్న పెద్ద కాయలు ఊరికే ఇస్తారు మాకు. వాటితో చేయొచ్చా?
- ఒక విద్యార్థిని, చిత్తూరు

జవాబు: అదృష్టవంతురాలివమ్మా! కంపెనీలకి చిటికెన వేలంత కాయ కావాలి, సైజు పెరిగేకొద్దీ రేటు పడిపోతుంది, మనకేమో చక్రాలు కోయడానికి కొంచెం లావు కాయే బాగుంటుంది. పైన చెప్పిన పద్ధతిలోనే ఊరేసుకో, గింజ ముదిరిపోయి ఉంటే మాత్రం వదిలేయ్, ఆ మధ్యభాగమంతా నీళ్ళే. చాలామందికి తెలీని సంగతేంటంటే ప్రపంచంలో గెర్కిన్స్ ఎక్కువ ఎగుమతి చేసేది మనమే. 1990ల మొదట్లో కర్ణాటకలో మొదలై తర్వాత తమిళనాడుకీ మన తెలుగు జిల్లాలకీ వచ్చింది ఈ పంట, 2020-21లో మన దేశం నుంచి 2 లక్షల టన్నులకి పైగా దోస, గెర్కిన్ బయటికి వెళ్ళాయి. మూడు నెలల పంట, చిన్న రైతులే ఎక్కువ, దాదాపు అంతా కాంట్రాక్టు సాగే. అమెరికాలో సీసా కొనేవాళ్ళు కూడా ఓసారి లేబుల్ చూడండి, ప్రొడక్ట్ ఆఫ్ ఇండియా అని ఉన్నా ఆశ్చర్యపోకండి.

ప్రశ్న: ఆవకాయ ముక్కకి పిండి పట్టించి వేపితే ఎలా ఉంటుంది? మా వారు సరదాగా అన్నారు గానీ నాకు మనసులో పడిపోయింది.
- ఒక పాఠకురాలు, రాజమండ్రి

జవాబు: సరదాగానే ఉంచేయండి. ఆవకాయ ముక్కకి చుట్టూ నూనె, ఆవపిండి, పిండి పట్టదు, పట్టినా ఆవపిండి వేడి నూనెలో మాడి చేదెక్కుతుంది, కారం రాలి మూకుడంతా నల్లబడుతుంది, మంచి ఆవకాయ దండగ. అంతగా చేయాలనుంటే మాగాయ కోసం ఉప్పూ పసుపూ వేసి ఊరబెట్టి ఎండలో పెట్టిన ముక్కలుంటాయి చూడండి, కారం కలపక ముందు, ఒక ఎండ తగిలినవి, వాటితో ప్రయత్నించండి. తడి తగ్గి ఉంటుంది, ముక్క పల్చగా ఉంటుంది, పులుపూ ఉప్పూ రెండూ ఉంటాయి, పద్ధతికి సరిగ్గా సరిపోతుంది. మరీ ఉప్పగా ఉంటే ఒక్కసారి నీళ్ళలో జాడించి మళ్ళీ ఆరబెట్టండి.

ప్రశ్న: ఎయిర్ ఫ్రయర్‌లో అవుతుందా? ఇంట్లో మామగారికి బీపీ.
- ఒక పాఠకురాలు, వరంగల్

జవాబు: జారుడు పిండితో అవ్వదు, జాలీలోంచి కారి అడుక్కి అంటుకుంటుంది. పొడి మైదా, చిలికిన మజ్జిగ, ఆ తర్వాత బ్రెడ్ పొడి, ఈ వరసలో పట్టించి పైన నూనె స్ప్రే చేసి 200 డిగ్రీల్లో ఎనిమిది పది నిమిషాలు, మధ్యలో ఒకసారి తిప్పండి. రుచి వేరేగా ఉంటుంది, బాగుంటుంది. కానీ నూనె తగ్గినంత మాత్రాన ఉప్పు తగ్గదండీ. పెద్దవాళ్ళకి రోజుకి ఉప్పు 5 గ్రాముల లోపు ఉండాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్తోంది, పికిల్ ముక్కలు ఓ గుప్పెడు తింటే అందులో మంచి వాటా అక్కడే అయిపోతుంది. మామగారికి రెండు ముక్కలు పెట్టి, మిగతా ప్లేటు కీరా ముక్కలతో నింపండి.

ప్రశ్న: పక్కన ఇచ్చే ఆ తెల్ల సాస్ గుడ్డు లేకుండా ఎలా? పార్టీకి ముందే వేపి పెట్టుకోవచ్చా?
- ఒక పాఠకుడు, విశాఖపట్నం

జవాబు: దాన్ని రాంచ్ అంటారు. పెరుగుని గుడ్డలో కట్టి నీళ్ళు వార్చి, దాన్లో గుడ్డు లేని మయొనీస్ రెండు స్పూన్లు, వెల్లుల్లి పొడి, మిరియాల పొడి, సన్నగా తరిగిన సోయికూర, కొత్తిమీర కలపండి, ఉప్పు చూసి వేయండి. గంట ముందు కలిపి ఫ్రిజ్‌లో పెడితే వాసన బాగా పడుతుంది.

ముందే వేపి డబ్బాలో మూత పెడితే మాత్రం మెత్తబడతాయి, ఆవిరికి పోయే దారి ఉండదు. ముక్కలు ఆరబెట్టడం, పొడిపిండి పాళ్ళు, సాస్, ఇవన్నీ ముందే చేసి పెట్టుకోండి. వేపడం మాత్రం అతిథులు వచ్చాకే. మరీ తప్పకపోతే లేత రంగులో తీసేసి జాలీ మీద ఉంచి, వడ్డించే ముందు బాగా కాగిన నూనెలో ఇంకో నిమిషం వేయండి. ఓవెన్ ఉంటే 100 డిగ్రీల్లో జాలీ మీద పెట్టి ఓ ఇరవై నిమిషాలు ఆపొచ్చు, అంతకు మించి ఆగవు.