సమాధానం: జాషువాను ఎక్కడ మొదలుపెట్టాలి?

తమ్ముడూ, భక్తి, అన్యాయం, పేదరికం మూడూ ఉన్న ఒకే రచయితను తిరుపతి దగ్గరి పాకాలలో మీ కుర్రాళ్ల చేత చదివించాలని, కానీ వాళ్లు పద్యమంటేనే పారిపోతున్నారని రాశావు. కవి గుర్రం జాషువానే పట్టుకో. ఆయన పద్యకావ్యం ‘గబ్బిలం’ (1941) తో మొదలుపెట్టు, మొదటి భాగం చాలు. అంటరానివాడని గుడిలోకి రానివ్వని ఓ పేద అరుంధతీయుడు (దళితుడు) తన గోడు కాశీ విశ్వనాథుడి చెవిన వెయ్యమని గబ్బిలాన్ని పంపుతాడు. మనిషికి లేని ప్రవేశం దానికుంది! దేవుణ్ణి కాదనడు, ఆ దేవుడితోనే తగువు పెట్టుకుంటాడు. తిరుమల కొండను చూస్తూ పెరిగిన మన పిల్లలకు ఇది వేరే విడమరచక్కర్లేదు.

ముందు కథంతా నోటితో చెప్పెయ్. తర్వాత నువ్వే గట్టిగా చదువు, పూటకు నాలుగైదు పద్యాలు మించొద్దు. ప్రతిపదార్థాల జోలికి పోవద్దు, బళ్లో పద్యాన్ని చంపింది అవే (నా అభిప్రాయం, తెలుగు మాస్టార్లు తిట్టుకోవద్దు). ‘క్రీస్తు చరిత్ర’కు 1964లో కేంద్ర సాహిత్య అకాడమీ అవార్డు వచ్చింది కదా అని దాంతో మొదలెట్టకు, తర్వాత చూడొచ్చు. ఆయన బతుకు తెలియాలంటే ‘నా కథ’ ఉంది, అదీ పద్యమే. పుస్తకం దొరక్కపోతే తిరుపతిలో చదివే పిల్లలెవరినైనా అడిగి ఎస్వీ యూనివర్సిటీ లైబ్రరీలో వెతికించు.