గ్యారీఓవెన్ అంటే క్లబ్బా, కిక్కా?

ఐర్లాండ్‌లోని లిమరిక్‌కి కొత్తగా వచ్చాం, ఇంటి దగ్గర గ్యారీఓవెన్ అనే రగ్బీ క్లబ్ ఉంది, మా వాణ్ణి పంపమంటున్నారు, దాని చరిత్రేంటి అని అడిగారు కదా. మా అబ్బాయి మూడేళ్లుగా అక్కడే ఆడుతున్నాడు, గట్టు మీద నిలబడి వానలో తడిసింది నేను కాబట్టి తెలిసింది చెబుతాను.

మొదటి ఏడాది పెద్దవాళ్ల మ్యాచ్ చూడ్డానికి వెళ్లాను. బంతి ఒక్కసారిగా ఆకాశంలోకి లేచింది, పక్కనున్న పెద్దాయన "గ్యారీఓవెన్!" అని అరిచాడు. సరే, మనవాళ్లే కదా అని నేనూ చప్పట్లు కొట్టి "గ్యారీఓవెన్, గ్యారీఓవెన్" అని అరిచాను. తీరా చూస్తే తన్నింది అవతలి టీమ్! చుట్టూ ఒకటే నవ్వులు. అప్పుడు తెలిసింది, ఆ కిక్ పేరే గ్యారీఓవెన్ అని. ఈ క్లబ్ వాళ్లు ఆ ఎత్తు కిక్‌ని అంతగా వాడారు కాబట్టి క్లబ్ పేరే దానికి అంటుకుపోయి ఇంగ్లిష్ నిఘంటువుల్లోకి కూడా ఎక్కింది.

చూడ్డానికి గుడ్డిగా పైకి తన్నినట్టే ఉంటుంది గానీ లెక్క ఉంది. తన్నినవాడి వెనక ఉన్నవాళ్లు బంతి కిందికి చేరేంతసేపు అది గాల్లో ఉండాలి. అవతలివాడు తన గోల్ గీత నుంచి 22 మీటర్ల దూరంలో ఉండే గీత లోపల నేరుగా పట్టి "మార్క్" అంటే ఫ్రీ కిక్ వచ్చేస్తుంది, అందుకని ఆ 22 గీతకి కాస్త ఇవతల పడేలా తన్నాలి. పైగా లిమరిక్ వానకి బంతి సబ్బుముక్కలా జారుతుంది, కింద నిలబడి పైకి చూసేవాడి టెన్షన్ వాడికే తెలియాలి.

క్లబ్ పెట్టింది 1884లో. అదే ఏడాది ఇదే ఊళ్లో షానన్ క్లబ్ కూడా పుట్టింది, ఇప్పటికీ ఈ రెంటికీ పడదు (మ్యాచ్ రోజు మాత్రమే లెండి). గ్యారీఓవెన్ అంటే ఐరిష్‌లో "జాన్ తోట", అసలు ఆ పేట సెయింట్ జాన్స్ వైపు ఉంది, మైదానం మాత్రం ఇక్కడ దూరడోయిల్‌లో. లేత నీలం జెర్సీ మీద తెల్ల నక్షత్రం చూసే ఉంటారు, దాని ఐదు కొసలూ ఊళ్లోని ఐదు పారిష్‌లట (ఒక్కో చర్చి కిందికి వచ్చే పేటలు).

నాకు బాగా నచ్చింది ఇదే. ఐర్లాండ్‌లో చాలా చోట్ల రగ్బీ అంటే ఫీజులు కట్టి చదివే స్కూళ్ల ఆట. లిమరిక్‌లో అలా కాదు, ఓడరేవు కూలీలూ డాక్టర్లూ ఒకే ఆట ఆడారు, మిగతా ఊళ్లకి లేని పొగరు వీళ్లకి అక్కడి నుంచే వచ్చిందని నా నమ్మకం.

కప్పుల సంగతంటే, మన్‌స్టర్ (లిమరిక్ ఉన్న ప్రాంతం) సీనియర్ కప్‌ని అందరికంటే ఎక్కువసార్లు గెలిచింది వీళ్లే, మొదటిది 1889లో. ఆల్ ఐర్లాండ్ లీగ్ 1992, 1994, 2007ల్లో వచ్చింది. 1978 అక్టోబర్ 31న ఇక్కడి థోమండ్ పార్క్ మైదానంలో మన్‌స్టర్ జట్టు న్యూజిలాండ్‌ని 12-0తో ఓడించిందే, ఈ ఊళ్లో ఎవర్ని కదిలించినా ఆ కథ మొదలెడతారు, అందులో రెండు డ్రాప్ గోల్స్ (బంతిని నేలకి వదిలి, లేస్తుండగా గోల్‌లోకి తన్నడం) కొట్టిన టోనీ వార్డ్ గ్యారీఓవెన్ ఆటగాడే. గోర్డన్ వుడ్, ఆయన కొడుకు కీత్ వుడ్ కూడా ఇక్కడివాళ్లే, తండ్రీకొడుకులిద్దరూ లయన్స్‌కి (బ్రిటన్, ఐర్లాండ్ కలిసిన జట్టు) ఆడారు.

మీ వాడి గురించి భయపడకండి. చిన్నపిల్లలకి ట్యాకిల్ (పట్టుకుని పడేయడం) ఉండదు, నడుముకి వేలాడే ట్యాగ్ లాగితే చాలు. మా నాన్నకి వీడియో కాల్‌లో చూపిస్తే "ఇది కబడ్డీ కంటే నయమేరా" అన్నాడు. మౌత్ గార్డ్ ఇప్పుడే కొనకండి, కాంటాక్ట్ మొదలయ్యేసరికి పళ్లు మారతాయి. మీకు మాత్రం మంచి రెయిన్ కోటు కావాలి.